ఇల్లు నిండాలి

"ఇల్లు నిండాలి, చెల్లెమ్మా!"

పక్కింటి బస్సు కండక్టరు గుమ్మంలోంచే పండగ మాట విసిరి లోపలికొచ్చాడు. వెనకే అతని భార్య. ఆమె వెనక పైవాటా దర్జీ. అందరిదీ అదే అరుపు.

సోఫాలో కూర్చున్న ప్రొఫెసర్‌కి ఒళ్ళు మండింది. చిలకలు! ఆ మాట ఎక్కడ పుట్టిందో, ఎవరితో అనాలో ఒక్కడికీ తెలీదు.

ఆయనకు తెలుసు. అది కొండసీమలో పుట్టిందని లావుపాటి పుస్తకం రాసి, యూనివర్సిటీలో పెద్ద కుర్చీ ఎక్కాడు. కాదు, రేవులో ఓడలకు సరుకెత్తే కూలీల నోట పుట్టిందని సొంత శిష్యుడే ఎదురుతిరిగాడు. రేవు రేవూ తిరిగి ముసలి కూలీల గొంతులు టేపుల్లో పట్టాడు. అవి బయటికొస్తే పుస్తకం తూకానికి, కుర్చీ ఇంకొకడికి.

అందుకే పండగ పూట శిష్యుడి ఇంట్లో వచ్చి కూర్చున్నాడు.

"ఆ టేపులిలా ఇచ్చెయ్యమ్మా. నన్ను తీసుకోమని వాడే చెప్పాడు."

శిష్యుడి భార్య టేపుల డబ్బా ఒళ్ళోకి లాక్కుంది. "ప్రాణాలన్నీ వీటిమీదే పెట్టుకున్నారండీ ఆయన."

"నా దగ్గరుంటే భద్రం. నీ దగ్గరుంటే బూజు."

ఆమె ఆయన మొహంలోకి చూసింది. "మాస్టారూ, ఇందాక మీరు తలొంచుకుని, మాటా పలుకూ లేకుండా లోపలికొచ్చారు. అందరూ పండగ మాట అన్నారు, మీరొక్కరే అనలేదు. మామీద కోపమా?"

కండక్టరు కిసుక్కున నవ్వాడు. "పెద్ద చదువులు కదమ్మా! నోరు తెరిస్తే ముత్యాలు రాలిపోతాయి."

ప్రొఫెసర్ భగ్గుమన్నాడు.

"నోర్ముయ్యవయ్యా! టిక్కెట్లు చింపుకునేవాడివి, నీకేం తెలుసు? కొండసీమలో చావు జరిగిన ఇంట ఏడాదిపాటు ఆ మాట ఎత్తరు. మనిషి తగ్గిన ఇంటితో 'నిండాలి' అంటే అది ఎగతాళి. తల వంచి, నోరు మూసుకుని లోపలికి రావాలి. నా జన్మలో ఒక్కసారి తప్పలేదు ఆ పద్ధతి. గుమ్మం కనబడితే చాలు కూతలేసే మీ రకం కాదు నేను!"

దర్జీ మెల్లగా వెళ్ళి వీధి తలుపు గడియ పెట్టాడు.

ఆమె లేచి నిలబడింది.

"రేవు నుంచి రేపొద్దున బండికి దిగుతారని నేను ఆయన కోసం గుమ్మంలోనే కళ్ళు పెట్టుకుని కూర్చుంటే, ఈ ఇంట్లో మనిషి తగ్గాడని మీకెవరు చెప్పారు, మాస్టారూ?"