సొట్టబుగ్గల పిల్ల

"నీ ఫోన్ ఇలా తే అక్కా!" కుట్టుమిషన్ ఆపి చెల్లెలు చెయ్యి చాపింది.

"నిన్ను వదిలేసి, బ్లాకు కూడా చేసినవాడి ఫోటోలు నా ఫోన్లో చూస్తావా? సిగ్గులేదూ?" అంటూనే ఇచ్చింది అక్క.

వాడి పక్కన కొత్త పిల్ల సొట్టబుగ్గలతో నవ్వుతోంది.

"ఆ గౌను చూడు, చంకల దగ్గర ముడతలు! ఏ మహానుభావుడు కుట్టాడో!"

"నీ కడుపుమంట కొలతలు కూడా తీస్తుందే!"

అంతలో చెల్లెలి ఫోన్ టింగుమంది. తాను వాడితో దిగిన పాత ఫోటోకి సొట్టబుగ్గల పిల్ల లైకు కొట్టింది. వేలు తగిలినట్టుంది, రెప్పపాటులో తీసేసింది.

"అదీ నీ పాత ఫోటోలు తవ్వుతోందే!" అక్క పకపకా నవ్వింది.

చెల్లెలు నవ్వబోయి ఆగింది. అంత అడుక్కి దిగిందంటే ఎంతసేపటి నుంచి చూస్తోందో!

అక్క ఫోన్ అక్కకిచ్చేసి మిషన్ తొక్కసాగింది.

"తిట్టడానికి దానికి అక్కయినా ఉందో లేదో, పాపం."