చాలు దాటని మంద

"ఆగు అక్కడే! గుర్రాన్ని పక్కకి తిప్పావంటే పేల్చేస్తాను!"

లూథర్ కళ్లెం బిగబట్టాడు. నాగటి చాలుకు అవతల ఒక ఆడమనిషి నిలబడి ఉంది. ఆమె చేతిలోని తుపాకీ తిన్నగా అతని గుండెకే గురిపెట్టి ఉంది. అయితే లూథర్ భయం గుండె గురించి కాదు. వెనక రెండువేల పశువులు వాగు నీళ్ల వాసన పట్టి, తడబడే కాళ్లతో వస్తున్నాయి. తుపాకీ ఒక్కసారి పేలితే ఆ చప్పుడుకు మంద మొత్తం బెదిరి తలో దిక్కుకూ పరిగెడుతుంది. టెక్సాస్ నుంచి వేసవంతా కాపాడుకుంటూ తోలుకొచ్చిన పశువులు చీకటి పడేలోగా మైదానం పాలవుతాయి.

అతను టోపీ తీసి ఛాతీకి ఆనించుకున్నాడు.

"కంగారు పడకమ్మా. ఈ చాలే నీ పొలానికి కంచె అని నాకు తెలుసు. మా పశువుల్లో ఒక్కటి కూడా దీన్ని దాటదు."

"దాటదా?" ఆమె ముఖం ఎర్రబడింది.

"ప్రాణం పోయినా దాటనివ్వను. నాదీ పూచీ."

ఆమె తుపాకీ మీట వెనక్కి లాగింది.

వెనక వంట బండి మీంచి ముసలి జెబ్ గొంతు తగ్గించి అన్నాడు. "లూథరూ, నువ్వు నోరు తెరిచినప్పుడల్లా ఆవిడకి మండుకొస్తోంది. కాసేపు మూసుకోరాదూ?"

లూథర్ చాలు వెంట చూపు సారించాడు. ఒకచోట అది బారెడు కాదు, మంద పట్టేంత వెడల్పున పూడిపోయి చదునుగా ఉంది. అతనికి విషయం అర్థమైనట్టే అనిపించింది. ముందు వెళ్లిన వాళ్లెవరో పశువుల్ని అదుపులో పెట్టక తొక్కించేశారు. పాపం, ఆ కోపం ఇప్పుడు తన మీద పడింది.

"ఎవరో నీ చాలు పాడుచేసి పోయారు. మేం అలాంటివాళ్లం కాదు తల్లీ. మీ ఆయనతో ఒక్క మాట..."

"ఆయన రైలుపట్టాల పనికి పోయాడు. ఈ పొలం సంగతేదైనా ఈ హల్డాతోనే మాట్లాడాలి."

ఆమె వెనక పచ్చిక గడ్డలు పేర్చి కట్టిన ఇల్లు. దానికి తలుపు లేదు. ఆ చోట వేలాడుతున్న దుప్పటి పక్కకి తీసి ఇద్దరు పిల్లలు తొంగి చూస్తున్నారు. కనుచూపు మేర గడ్డి తప్ప ఒక్క చెట్టు లేదు.

లూథర్ మనసు చివుక్కుమంది. "జెబ్, ఆ దూడని దించు," అన్నాడు.

పొద్దున పుట్టిన దూడ అది. మందతో నడవలేని దూడల్ని కాల్చేసి ముందుకు సాగడం రివాజు. లూథర్ చేతులు రాక దాన్ని బండిలో వేయించాడు. జెబ్ దాన్ని దించి చాలు అవతలకి నెట్టాడు. పిల్లలు పరిగెత్తుకొచ్చి దాని మెడ చుట్టూ చేతులు వేశారు. హల్డా దూడని చూసింది.

"దూడని తీసుకుంటాను. దేవుడు నిన్ను చల్లగా చూడాలి," అంది. "కానీ తుపాకీ దించను."

"ఇదెక్కడి గోలరా నాయనా!" జెబ్ తల పట్టుకున్నాడు.

ఆమె చూపు వంట బండి మీద పడింది. బండి కింద వేలాడుతున్న బరువైన తోలు జోలె మీద చాలాసేపు ఆగింది. ఆకలి చూపులా ఉంది.

"పిండి కావాలా తల్లీ? కాఫీ గింజలున్నాయి, పంది మాంసం ఉంది. ఏది కావాలంటే అది తీసుకో."

"నా పిల్లలు పస్తులేం లేరు. నిన్నొకటి అడుగుతాను, నిజం చెప్పు. రాత్రికి మందని ఎక్కడ పడుకోబెడతావు?"

"వాగు అవతల గుస్తావ్ గారి పొలంలో. ఈ దారిలో అందరూ తుపాకీలతో తరిమేవాళ్లే గాని, ఆయన ఎదురొచ్చి మరీ పిలిచాడు. తాగడానికి కాఫీ కూడా ఇచ్చాడు. ధర్మాత్ముడు."

"ధర్మాత్ముడట! పోయినేడు వచ్చిన ప్రతి మందనీ ఇలాగే కాఫీ పోసి లాక్కుపోయాడు!" తుపాకీ గొట్టం ఇంకాస్త పైకి లేచింది. వెనక ఒక ఎద్దు రంకె వేసింది.

లూథర్ మెల్లగా గుర్రం దిగాడు. చాలు ఇవతలి గట్టున మోకాళ్ల మీద కూర్చున్నాడు. "హల్డమ్మా, నాకు తెలివి తక్కువ. నన్నేం చెయ్యమంటావో నువ్వే చెప్పు."

ఆమె తుపాకీ నేలకు దించింది.

"ఇప్పటికి అడిగావు! ఆ చాలు పశువులు తొక్కింది కాదయ్యా. మీ మంద లోపలికి రావాలని నేనే పార పట్టి పూడ్చాను. ఇక్కడ పొయ్యిలోకి పుల్ల దొరకదు. పోయిన చలికాలం పిల్లలు గడ్డకట్టిపోతారని తలుపు విరిచి తగలేశాం. ఆ గుస్తావ్ ఇల్లు మాత్రం వసంతం దాకా వెచ్చగానే ఉంది. మీ జోలెలో మీ వంటాయన ఏం ఏరి దాచుకుంటున్నాడో నాకు తెలియదనుకున్నావా? ఈ రాత్రికి నీ రెండువేలూ నా పొలంలోనే పడుకోవాలి. పొద్దున్నే పశువుల్ని నువ్వు తోలుకుపో, పేడ మాత్రం ఒక్క కడి కూడా ఈ చాలు దాటడానికి వీల్లేదు!"