కోపానికి పడే చేప

మైదాపిండి ముద్దకి కొర్రమీను పడదు. ఈ మాత్రం తెలియని మనిషి గాలం ఎందుకు పట్టుకోవాలో భీమరాజుకి అర్థం కాలేదు.

పక్కన కూర్చున్న కళ్ళజోడాయన సరిగ్గా అదే పని చేస్తున్నాడు. ఇస్త్రీ చొక్కా, కాళ్ళకి బూట్లు, చేతిలో చక్రం ఉన్న గాలం కర్ర. మురుగుకాలవ గట్టు మీద రుమాలు పరుచుకుని మరీ కూర్చున్నాడు.

“మస్కట్ నుంచి మావాడు పంపేడండి,” అన్నాడు కర్ర చూపిస్తూ.

కోనసీమలో మస్కట్ నుంచి ఏదో ఒకటి రాని ఇల్లెక్కడుంది? భీమరాజు ఆ కర్ర వంక చూడనైనా లేదు. ఆయన పేరూ అడగలేదు. ఇలాంటివాళ్ళ పేర్లు తెలుసుకుని ఏం చెయ్యాలి?

“తమరిది ఏ ఊరండీ?” అన్నాడు, ఎప్పుడు పోతాడో తెలుసుకుందామని.

“కొత్తపేటండి. మామిడికుదురు కాలవల్లో పెద్ద కొర్రమీనుందని చెప్తే బస్సెక్కి వచ్చేనండి.”

“పిండిముద్ద పనికిరాదని మాత్రం చెప్పలేదన్నమాట.”

“ఆయ్, చెప్పలేదండి.”

వెటకారం చేసినా తెలియని మొహం. భీమరాజుకి జాలి వెయ్యలేదు, ఒళ్ళు మండింది. ఆ మంటలోనే పాఠం చెప్పేశాడు.

“అదుగో, నీళ్ళ మీద ఎర్రగా బుడబుడలాడుతున్నాయే, అవి దాని పిల్లలు. పెద్ద చేప వాటి కిందే ఉంటుంది. ఇప్పుడు దానికి తిండి ధ్యాస ఉండదు. తీపి చూపించి పట్టలేరు. కోపం తెప్పించాలి. కప్పని గాలానికి గుచ్చి పిల్లల మధ్య ఆడించాలి. మొదటిసారి ఊరికే చూస్తుంది. రెండోసారి కదులుతుంది గానీ నోరు తెరవదు. మూడోసారికి దానికి ఒళ్ళు తెలీదు.”

“అంత తెలివితక్కువదాండీ?”

“ఒట్టి వెర్రిబాగులదండి. పిల్లల జోలికొస్తే చాలు, ముందున్నది గాలమో కాదో కూడా చూసుకోదు.”

ఈ పాఠం భీమరాజు ఇదివరకు ఒక్కరికే చెప్పాడు. కూతురు సత్యప్రియ చిన్నప్పుడు కప్పల కుండ ఒళ్ళో పెట్టుకుని ఇదే గట్టు మీద కూర్చునేది. చేప లాగినప్పుడు కర్ర వంగి అరచేతిలో కొట్టుకుంటుందే, ఆ కుదుపు కోసం తండ్రీకూతుళ్ళు అన్నాలు మర్చిపోయేవారు.

రెండేళ్ళ కిందట ఆ పిల్ల రిజిస్ట్రారాఫీసులో సూర్యప్రకాష్ అనేవాణ్ణి పెళ్ళి చేసుకుంది. కొత్తపేట వాళ్ళని తెలిసింది. అంతకుమించి ఆయన కనుక్కోలేదు. ఆ గడప తొక్కనన్నాడు. భార్య వీరాయమ్మ ఏడ్చి, బతిమాలి, చివరికి ఆయనతో మాటలు తగ్గించేసింది. ఆయన మాత్రం దిగిరాలేదు.

“మా వీధిలో మీ వైపు పిల్లే ఒకమ్మాయుందండి,” అన్నాడు కళ్ళజోడాయన. “సత్యప్రియ అని. బంగారంలాంటి పిల్లండి.”

భీమరాజు నీళ్ళ మీద తేలే బెండు వంక చూస్తూ ఉండిపోయాడు. తానెవరో ఈ వెర్రివాడికి తెలీదు. తెలిస్తే ఇలా వాగడు.

మరుసటి వారం కళ్ళజోడాయన మళ్ళీ దిగాడు. అదే రుమాలు, అదే పిండిముద్ద.

“ఆ పిల్లకి ఐదో నెలండి,” అన్నాడు నీళ్ళలోకి చూస్తూ. “పుట్టింటి నుంచి ఒక్కరూ తొంగి చూడలేదు, పాపం.”

భీమరాజు చేతిలో గాలం గెడ కదిలింది.

“చేపలు బెదురుతాయి. కాస్త నోరు కట్టుకోండి.”

ఆ పూట అన్నం సహించలేదు. వీరాయమ్మకి చెబుదామని నోరు తెరిచి, మజ్జిగ అడిగి ఊరుకున్నాడు.

ఆ పై వారం కళ్ళజోడాయన వస్తూనే మొహం చిట్లించాడు.

“మొన్న ఆ పిల్ల కొర్రమీను పులుసు పంపించిందండి. నోట్లో పెట్టుకోలేకపోయేం. ఒకటే జిగురు కంపు. బూడిదేసి రాయి మీద రుద్దాలని కూడా తెలీదండి దానికి. ఆ కన్నతండ్రెవడో గానీ, ఒట్టి చేతకాని దద్దమ్మై ఉంటాడు.”

“ఏం కూశావ్?” భీమరాజు లేచి నిలబడ్డాడు.

“ఉన్నమాటేనండి. ఉంటానండి మరి, బస్సు టైమైంది.” రుమాలు దులుపుకుని వెళ్ళిపోయాడు.

భీమరాజు గాలానికి కొత్త కప్పని గుచ్చాడు. ఆ కోపమంతా కప్ప మీద చూపించాడు. మూడోసారి ఆడించేసరికి పెద్ద చేప తాడెత్తున లేచి గాలం మింగింది. కర్ర వంగి అరచేతిలో కొట్టుకుంది. జీవితంలో మొదటిసారి ఆ కుదుపు ఆయనకి తెలియనే లేదు.

ఇంటికొచ్చి తడిపిన గోనెలో చేపని చుట్టాడు. కొర్రమీను అలా పూటంతా బతుకుతుంది.

“నా చొక్కా ఇలా తే! కొత్తపేట వెళ్తున్నాను.”

“ఎందుకండీ?”

“నా కూతురికి చేప కడగడం రాదంట! ఆ వీధి వీధంతా నిలబెట్టి చూపిస్తాను.”

వీరాయమ్మ అటక మీంచి ఎప్పుడో సర్దిపెట్టిన సంచీ దింపి ఆయన వెనకాలే బయల్దేరింది.

బస్సులో సీటు కింద చేప కొట్టుకుంటుంటే జనం కాళ్ళు పైకెత్తుకున్నారు. చేపకి భయపడే జనం! భీమరాజు వాళ్ళని కూడా ఈసడించుకున్నాడు. కొత్తపేటలో దిగాక వీరాయమ్మ ఎవర్నీ దారి అడక్కుండానే ముందు నడిచింది. ఆ ఊపులో ఆయన అది గమనించలేదు.

వీరాయమ్మ ఆగిన మేడ ముందు నిలబడి, గోనె పైకెత్తి ఒక్క అరుపు అరిచాడు.

“ఎవడ్రా నా కూతుర్ని అన్నది? బూడిద తెండి! రాయి తెండి!”

తలుపు తెరుచుకుంది.

భీమరాజు చేతిలోని గోనె మర్యాదగా అందుకుంటూ, కళ్ళజోడాయన లోపలికి తిరిగి కేకేశాడు: “అమ్మా కోడలా, నువ్వు చెప్పినట్టే మీ నాన్నగారు మూడోసారికి పడ్డారే!”