కోర్టు లేచేదాకా

“తీర్పు వచ్చినా వికలాంగులకు ఉద్యోగాలివ్వలేదు. అది కోర్టు ధిక్కారం. సాయంత్రం కోర్టు లేచేదాకా ఇక్కడే కూర్చోండి,” అని జడ్జి అధికారికి శిక్ష వేశారు.

కేసు గెలిచిన ఆమెకు చూపు లేదు. అధికారి అప్పుడే కోర్టులో సంతకం చేసిన నియామక ఉత్తర్వును వకీలు ఆమె చేతిలో పెట్టి ఇంకో కేసుకు పరుగెత్తాడు. ఆమె పక్కన ఎవరో చతికిలబడ్డారు.

“కాస్త ఇది చదివి పెడతారా?”

ఆయన చదివాడు. సంతకం దగ్గర పేరు మాత్రం చదవకుండా కాగితం మడిచాడు.

“మీరేనా సార్, ఆ అధికారి?”

“నేనేనమ్మా. ఉద్యోగం వచ్చిందని ముందు ఎవరికి చెప్తారు?” అన్నాడు.

“అమ్మకి చెప్దామనుకున్నా. మీరు అప్పీలుకెళ్లిన ఏడాదే పోయింది.”

తన మీద ఇన్నేళ్లు పోరాడిన మనిషి తప్ప ఈ కబురు వినేవాళ్లే లేరని ఆమెకు అప్పుడు తెలిసివచ్చింది.

“మళ్లీ చదవనా?”

“చదవండి సార్. నా పేరు దగ్గర్నుంచి, మెల్లగా.”