కమీషన్ మనిషి

"బట్టలు కుట్టించుకోవడానికి రాలేదు. ఒక్క మాట చెప్పి వెళ్తాను," అంది ఆమె.

దర్జీ మిషన్ ఆపకుండానే తలెత్తాడు. ఆమెకు యాభై ఏళ్లుంటాయేమో. ముక్కూ మొహం తెలియని మనిషి.

"మీ నాన్నగారు నలభై రెండేళ్లకే పేగు క్యాన్సర్‌తో పోయారు కదా?"

మిషన్ ఆగింది. "మీకెవరు చెప్పారు?"

మూల కూర్చుని కాజాలు కుడుతున్న అతని తల్లి వైపు చూసి, ఆమె చప్పున చూపు తిప్పుకుంది.

"ఎవరో అన్నారులెండి. కొన్ని ఇళ్లల్లో అది వంశంలోనే ఉంటుంది. రక్తం తీసి జన్యువులు చూస్తారు. ముందే తెలిసిపోతుంది." ల్యాబ్ చీటీ బల్ల మీద పెట్టింది.

"ఓహో! తలకింత అని కమీషనా అమ్మా?"

ఆమె చీటీ అక్కడే వదిలి వెళ్లిపోయింది.

వారం తిరక్కుండా మళ్లీ వచ్చింది. దర్జీకి ఒళ్లు మండింది.

"రాయిలా ఉన్నవాణ్ణి పట్టుకుని రోగిష్ఠిని చేస్తారా? మీ బేరం ఇంకో గుమ్మంలో పెట్టుకోండి!"

దుకాణంలో ఉన్నవాళ్లు నవ్వారు.

మూడోసారి వచ్చేసరికి ఆమె చిక్కి సగమైంది. తలుపు పట్టుకుని నిలబడింది.

"నన్నెన్నయినా అనండి. పరీక్ష మాత్రం మానకండి."

కూర్చోమని కూడా అనలేదు అతను.

ఆమె వెళ్లాక తల్లి సూది పక్కన పెట్టింది. "మీ నాన్న పోయిన ఈడుకు నువ్వూ వచ్చావురా. వెళ్లి చేయించుకో."

తల్లి మాట కాదనలేక రక్తం ఇచ్చాడు. జన్యువులో లోపం ఉందన్నారు. గొట్టం వేసి చూస్తే పేగులో కణితి. ఇంకా ముదరలేదు. అక్కడికక్కడే తీసేశారు.

"ఇంకో ఏడాది ఆగి ఉంటే నా చేతిలో ఉండేది కాదు," అన్నాడు డాక్టరు. "ఇక ఏటా వచ్చి చూపించుకోండి. అందరికీ అక్కర్లేదు, మీకు కావాలి. మీ కొలతలకు కుట్టిన వైద్యమనుకోండి."

దర్జీ సిగ్గుపడుతూనే ల్యాబ్‌కి వెళ్లాడు.

"మీ కమీషన్ మనిషి ఒకావిడ ఉండాలి. ఓ దణ్ణం పెట్టి పోదామని వచ్చాను."

"మాకు కమీషన్ మనుషులెవరూ లేరండీ," అంది నర్సు. అతను ఆనవాళ్లు చెప్పేసరికి నర్సు గొంతు తగ్గింది. "ఆవిడ మా పేషెంటు. పోయిన నెల చనిపోయారు. ఆవిడ జన్యువులోనూ ఇదే లోపం, అక్షరం తేడా లేకుండా."

"మరి నాతో ఆ మాట చెప్పలేదేం?"

"'దుకాణంలో వాళ్లమ్మగారు ఉన్నారు, ఆవిడ ముందు నోరు రాలేదు. నా తర్వాత అతనొస్తే చూపించు' అన్నారు."

నర్సు ఫైల్లోంచి ఒక కాగితం తీసి అతని ముందుంచింది. జబ్బు సంగతి ఎవరెవరికి చెప్పాలో పేషెంట్లు రాసిచ్చే కాగితం అది.

'రక్తసంబంధీకులు' అన్న చోట ఒకే ఒక్క పేరుంది, అతనిది. దాని పక్కన వణికిన అక్షరాలతో రాసి ఉంది, 'తమ్ముడు' అని.