లేని గుట్ట

“ఇక్కడ గుట్ట లేదండీ” అన్నాడు సర్వేయరు, గుట్ట మీద నిలబడి ఆయాసపడుతూ.

కింద నిలబడ్డ దర్జీ తలెత్తి చూశాడు. “మరి తమరు నిలబడ్డది దేనిమీద సార్?”

“అది నా కాళ్ల గొడవ. నేను కాగితం సంగతి చెప్తున్నాను. మ్యాపులో ఇది చదును నేల. చదును నేలలో రాయి కొట్టుకోవడానికి అనుమతి ఎలా ఇస్తారు? రాయే లేదు కదా!”

“ఒక్కసారి తట్టి చూడండి సార్.”

“ఎక్కేటప్పుడే మోకాలు చెక్కుకుపోయింది. అయినా సరే, లేదు.”

దర్జీ స్థలంలో సగం నల్లరాతి గుట్ట, మిగతా సగంలో ఇంటి పునాదికి తవ్విన గోతులు. సొంత గుట్టను కొట్టి సొంత గోతులు నింపుకుందామంటే సర్కారు అనుమతి కావాలన్నారు. అప్పట్నుంచి ఆయన చొక్కాలకన్నా దరఖాస్తులే ఎక్కువ కుట్టాడు. ఈలోగా గోతుల్లో నీళ్లు నిలిచి కప్పలు కాపురం పెట్టేశాయి. దర్జీ దంపతుల కాపురం మాత్రం ఇంకా అన్నగారింట్లోనే, తోటికోడలి గరిటె కిందే సాగుతోంది.

“పోనీ, మ్యాపులో గుట్టని ఎక్కించమని అడగలేకపోయారా?” అంది భార్య, ఆయన ఇంటికి రాగానే.

“అడిగాను. ఎప్పుడు కట్టారో రుజువు తెమ్మన్నారు.”

“గుట్టని కట్టడమేమిటండీ?”

“పాతదైతే మ్యాపులో ఉండేదిట. లేదు కాబట్టి కొత్తదేనట.”

పొయ్యి దగ్గర్నుంచి వదినగారు నవ్వింది. “పోతే పోనీ మరిదీ! ఇక్కడేం తక్కువైందని? మీరెళ్లిపోతే నాకు ఉల్లిపాయలు తరిగిపెట్టేదెవరు?”

దర్జీ భార్య చేతిలో కత్తి క్షణం ఆగి, మళ్లీ నడిచింది.

వారం తిరక్కుండానే స్థలం దగ్గర జీపు ఆగింది. ఈసారి సర్వేయరు వెంట పై అధికారి కూడా దిగాడు. అనుమతి తెచ్చారేమోనని దర్జీ ఎదురెళ్లాడు. ఆయన చేతిలో నోటీసు పెట్టారు.

“మీమీద ఫిర్యాదు వచ్చింది. ఎవరో ఆవిడ ఫోన్ చేసింది. చదును నేలలో అనుమతి లేకుండా గుట్ట లేపారట.”

“లేపడమా? ఇది మా ముత్తాత పుట్టకముందు నుంచీ...”

“మ్యాపు చూశాం. ఫిర్యాదు అక్షరాలా నిజం” అన్నాడు అధికారి. “నెలలోగా ఈ అక్రమ గుట్టని మీ ఖర్చుతోనే తొలగించాలి. లేదంటే జైలు.”

దర్జీ వెంట వచ్చిన భార్య కళ్లు తుడుచుకుంటూ ముందుకొచ్చింది.

“కొట్టిన రాయంతా ఎక్కడ పారబొయ్యాలి సార్? నడివీధిలో వేస్తే జనం ఊరుకుంటారా?”

“అది మాకెందుకమ్మా? ఆ గోతుల్లో పడేసుకోండి.”

“రేపు మళ్లీ అదో నేరమంటారేమో! ఆ ముక్క కాస్త కాగితం మీద పెట్టండి సార్, మీకు పుణ్యం ఉంటుంది.”

అధికారి దర్జాగా రాసి, సంతకం చేసి, స్టాంపు గుద్దాడు. జీపు వెళ్లిపోయింది.

దర్జీకి ఒళ్లు మండిపోయింది. “ఇది ఖాయంగా వదిన పనే! మనకో ఇల్లంటూ ఏర్పడితే ఆవిడకి చాకిరీ చేసే మనిషి ఉండదు కదా! పోనీలే పోనీలే అంటూనే ఎంతపని చేసింది! ఇప్పుడే వెళ్లి కడిగేస్తాను.”

“పాపం, అక్కనేం అనకండి. ముందు రాళ్లు కొట్టేవాళ్లని పిలవండి.”

“ఆవిడ కాకపోతే ఇంకెవరంటావ్?”

ఆమె నోటీసు మీద సిరా ఆరిందో లేదో వేలితో తాకి చూసుకుంది.

“గొంతు మార్చడమే కష్టమైందండీ.”