అట్ట మీద పేరు

"ఏంటమ్మా కసిల్దా, అట్ట మీద నా పేరేది?" ఆవిష్కరణ సభకి గంట ముందు, స్పెయిన్‌లోని బుర్గోస్‌లో ప్రొఫెసర్ ఎవెలియో గావుకేక పెట్టాడు.

"'రచన: కాస్తీలియా ప్రజలు' అని వేయించానుగా," అంది ప్రచురణకర్త, ఆలివ్ గింజ ఊసేసి.

"ప్రజలేంటి, నీ మొహం!"

"మన కాస్తీలియా పాత వీరగాథని ఏ ఒక్కడూ కట్టలేదు, జనం నోట దానంతటదే పుట్టిందని పుస్తకం నిండా మీరేగా ఊదరగొట్టారు?"

"అది పాట! ఇది నేను కళ్ళు పాడుచేసుకుని ఒక్కణ్ణే రాసుకున్న పుస్తకం!"

"ఆ పాట కట్టినాయనా ఇలాగే మొత్తుకుని ఉంటాడు. కంగారుపడకండి, ఇదొక్కటే సరదాకి వేయించా. మీ పేరున్నవన్నీ కారులో ఉన్నాయి. పాపం, ఆయన పేరున్నవే ఎక్కడా లేవు."

తన పుస్తకంలో ఎక్కడా లేని ఆ పాట కట్టిన మనిషి మొదటిసారి ఎవెలియో కళ్ళముందు కదిలాడు.

ఎవెలియో తల దించుకునే, కారు తాళాల కోసం చెయ్యి చాపాడు.